పలకలపాడు రాళ్లు లేచిపోయాయి

నవంబర్ 10, సోమవారం

మంత్రం పూర్తయింది. వెంకట్రామయ్య గారి క్వారీకి. రేపు ఉదయం పదకొండుకు చదువుతారు.

మన క్వారీల్లో మందుగుండు మానేసి మంత్రం పెట్టి పదకొండేళ్లు. అప్పటినుంచి ఊళ్లో చెవులు పోవడం తగ్గింది, కాగితాలు పెరిగాయి. రాసేవాడికి కలం లైసెన్సు, చదివేవాడికి నోటి లైసెన్సు. ముప్పై ఒక్క ఏళ్లు మాచర్లలో విలేకరిగా చేసినవాడినని మంత్రశాఖ నాకు పరీక్ష లేకుండానే కలం లైసెన్సు ఇచ్చింది. మంత్రానికి కావలసింది భక్తి కాదు, సూటిగా రాయడం. విశేషణం పడిందా, పని చెడుతుంది. కిందటేడు ఒకాయన ‘అందమైన రాళ్లు పైకి రావాలి’ అని రాశాడు. సాయంత్రం దాకా ఒక్క రాయీ కదల్లేదు. తమలో అందమైనది ఏదో అవి తేల్చుకోలేకపోయాయి.

నా మొదటి ప్రతి: ‘గనిలో కోసిన రాళ్లు లేచి లారీలోకి పోవాలి.’

మళ్లీ చదివాను. లారీ పక్కనే నిలబడి ఉంటుంది. రాళ్లు ఇంకెక్కడికి పోతాయి? ‘లారీలోకి’ దండగ. కొట్టేశాను.

తుది ప్రతి: ‘గనిలో కోసిన రాళ్లు లేచిపోవాలి.’

ఆరు మాటలు నాలుగయ్యాయి. ఇంకా బిగించడానికి ఏమీ లేదు.

చదివేది పక్కింటి బక్కయ్య బావ. జిల్లాలో అంత గొంతు లేదు.

నవంబర్ 11, మంగళవారం

జరిగింది జరిగినట్టు రాస్తాను.

ఉదయం 11.10కి బక్కయ్య గని అంచున నిలబడి మంత్రం చదివాడు. చివరి అక్షరం పలకగానే కాగితం ఎప్పటిలాగే బూడిదైంది. 11.12కి కోసి పెట్టిన నాపరాళ్లు 206 రెండడుగులు లేచాయి. లారీ వైపు రాలేదు. ఊళ్లోకి వెళ్లాయి. ఒక్కో నాపరాయి ఊళ్లోని ఒక్కో రాయి దగ్గర ఆగింది. 11.40కి ఆ రాళ్లు కూడా లేచాయి. జంటలు జంటలుగా తారురోడ్డెక్కి, ఎడమ పక్కగా, నడికుడి వైపు వెళ్లిపోయాయి.

ఊరు వదిలినవి: పొలాల హద్దు రాళ్లు 131, వాకిలి మెట్లు 40, బట్టలుతికే బండలు 22, రుబ్బురోళ్లు 9, బస్టాపు బల్లలు 3, కిలోమీటరు రాయి 1. మొత్తం 206. గనివి కలిపితే 412. ఎవరికీ దెబ్బ తగల్లేదు.

లారీ డ్రైవరు ప్రసాద్ వాంగ్మూలం: “నా బండి మీదుగానే పోయినయ్ సార్. ఒక్కటి కూడా లోపలికి చూడలా.”

బక్కయ్య భార్య వెంకమ్మ రోలు పోయింది. పొత్రం మిగిలింది. పంచలో గోడ వైపు తిరిగి ఉంది.

నవంబర్ 12, బుధవారం

నడికుడి జంక్షన్‌కు వెళ్లాను. రాళ్లు ఒకటో నంబరు ప్లాట్‌ఫాం మీద ఉన్నాయి. రెండేసి, ఒకదాని మీద ఒకటి వాలి, సికింద్రాబాదు బండి వచ్చే వైపు చూస్తున్నాయి. మన కిలోమీటరు రాయి ‘మాచర్ల 9’ అని చూపిస్తూ నిలబడింది. నడికుడి నుంచి మాచర్ల తొమ్మిది కిలోమీటర్లు కాదు. నా కళ్లముందే ఒక కుటుంబం ఆ రాయిని నమ్మి, ఎంతో దూరం లేదని, బ్యాగులు పట్టుకుని నడక మొదలుపెట్టింది. పరుగెత్తి వెనక్కి తెచ్చాను.

స్టేషన్ మాస్టరు మీరా సాహెబ్ ఏమీ ఆశ్చర్యపోలేదు.

“ఇరవై రెండేళ్ల సర్వీసు సార్ నాది. మాచర్ల, గురజాల వైపు నుంచి లేచిపోయినోళ్లంతా ఈ ప్లాట్‌ఫాం మీదికే వస్తారు. మీ వాళ్లు కొత్తగా చేసిందేం లేదు.”

“వాళ్లు కాదు, అవి,” అన్నాను.

“జంటల్ని పట్టుకుని అవి అంటే బాగుండదు సార్.”

వెంకట్రామయ్య గారు ఎస్సైని వెంటబెట్టుకుని వచ్చారు. తన రాళ్లను ఎవరో ఎత్తుకుపోయారని ఫిర్యాదు. ఎస్సై రాళ్ల చుట్టూ ఒకసారి తిరిగాడు.

“ఎత్తుకుపోవడం కాదు పెద్దాయనా. ఇష్టపడి పోయినట్టుంది. మేజర్లా, మైనర్లా?”

వాళ్ల వెంట వచ్చిన భూగర్భశాఖ మనిషి ఒక పలకను గీకి చూసి కోట్ల ఏళ్లు ఉంటాయన్నాడు.

“అయితే మేజర్లే. మేం చేసేదేం లేదు,” అని ఎస్సై టోపీ సర్దుకున్నాడు.

ప్లాట్‌ఫాం మీద టీ అమ్మేవాడి నుంచి ఎస్సై దాకా అందరిదీ ఒకే మాట. లేచిపోయాయి, లేచిపోయాయి. నేను నోట్సులో ‘స్థానం మారాయి’ అని రాసుకున్నాను.

సాయంత్రం మంత్రశాఖ నుంచి విచారణాధికారి మహేశ్వరి గారు ఊళ్లోకి వచ్చారు. కాగితం బూడిదైంది కాబట్టి మొదటి అనుమానం చదివినవాడి మీదే. నిబంధన అది. బక్కయ్య పెదవుల మీద ఊదారంగు ముద్ర వేశారు: ‘విచారణలో ఉంది’. తినొచ్చు, తాగొచ్చు. శబ్దం రాదు. 20వ తేదీ సాయంత్రంలోగా తప్పు తనది కాదని తేలితే చెరిపేస్తారు. తేలకపోతే ఆ రంగు ఇంకిపోతుంది. ఇక చెరగదు, ఆయన బతికున్నంత కాలం.

నవంబర్ 13, గురువారం

బక్కయ్య నోరు తడబడి ఉంటుంది. మనుషులన్నాక జరుగుతుంది.

నవంబర్ 14, శుక్రవారం

వెంకమ్మ గిన్నెలో నానబెట్టిన మినప్పప్పుతో వచ్చింది. మిక్సీలో వేసిస్తానని మా ఆవిడ యశోద గిన్నె అందుకుని లోపలికి వెళ్లింది. వెంకమ్మ నా దగ్గరే నిలబడింది.

“అన్నయ్యా, నువ్వు రాసింది ఏంది, ఈయన చదివింది ఏంది?”

“కాగితం బూడిదైపోయింది గదమ్మా.”

“నువ్వు చిత్తు రాసుకుంటావు గదా. నాకు తెలియదా? పాల పాకెట్టు కవరు మీద కూడా చిత్తు రాస్తావు.”

“వెతకాలి చెల్లెమ్మా.”

“తొందరగా వెతుకు. నిన్న మధ్యాన్నం మంచం మీద కునుకు తీశాడు. గురక లేదు. పోయాడేమోనని ముక్కు కాడ ఏలు పెట్టి చూశా. ముప్పై ఏళ్లు ఆ గురకను తిట్టుకున్నా అన్నయ్యా.”

చిత్తు ఈ డైరీలోనే ఉంది. కొన్ని పేజీల వెనక. వెతకాలి.

నవంబర్ 15, శనివారం

మహేశ్వరి గారు పంచాయతీ ఆఫీసులో నా వాంగ్మూలం తీసుకున్నారు. వయసు ముప్పై ఐదు ఉండొచ్చు. మాట తక్కువ.

“మీరు రాసిన మంత్రంలో లోపం ఉందా?”

“నాకు తెలిసినంతవరకు వాక్యం వ్యాకరణ ప్రకారం సరిగ్గా ఉంది.”

ఆవిడ అదే రాసుకున్నారు. అందులో అబద్ధం లేదు. వ్యాకరణం సరిగ్గానే ఉంది.

చిత్తు ప్రతి ఉంటే 20వ తేదీ మధ్యాహ్నం మూడు గంటలకు నరసరావుపేట ఆఫీసుకు తీసుకురమ్మన్నారు.

నవంబర్ 16, ఆదివారం

వెతకలేదు. ఆదివారం.

నవంబర్ 17, సోమవారం

ఊళ్లో హద్దు రాళ్లు లేకపోవడం వల్ల హద్దులూ లేవు. వెంకట్రామయ్య గారి మిరప తోటలోకి పక్క పొలం దుర్గాప్రసాద్ రెండు సాళ్లు ఎక్కువ దున్నాడు. వెంకట్రామయ్య గారి మనుషులు అవతలివైపు మూడు సాళ్లు దున్నారు. మధ్యాహ్నానికి ఇద్దరి ట్రాక్టర్లు ముక్కుకు ముక్కు ఆనించి నిలబడ్డాయి. ఎవరూ ఇంజన్ ఆపరు, ఎవరూ దిగరు. డీజిల్ అయిపోయాక ఇద్దరూ ఒకే బైకు మీద మాచర్ల బంకుకు వెళ్లారు.

వెంకట్రామయ్య గారు నన్ను ఇంటికి పిలిపించారు. మెట్టు లేని వాకిట్లోకి ఎక్కడానికి స్టూలు వేయించారు.

“రాళ్లు ఎనక్కి రావాలంటే కేసు తేలాల. బక్కయ్య తప్పు చదివాడని నువ్వొక మాట రాసియ్యి. అయిపోయిద్ది. చదువుకున్నోడివి, పేపర్లో చేసినోడివి. నువ్వెందుకు తప్పు రాస్తావ్?”

నిజమే కదా అనిపించింది. తిరిగి వస్తూ దారి పొడుగునా అనిపిస్తూనే ఉంది. ఇంటికొచ్చేసరికి బక్కయ్య మా అరుగు మీద నా పేపరు చదువుకుంటున్నాడు. నన్ను చూసి జరిగి చోటిచ్చాడు. క్రికెట్ స్కోరు వేలుతో చూపించి, ఒక బౌలరు మీద విసుగ్గా చెయ్యి విదిల్చాడు. గంట కూర్చున్నాం. ఆయన నన్ను ఏమీ అడగలేదు. అడగలేడు కూడా. ఆ రెండూ ఒకటి కావు.

వెంకట్రామయ్య గారికి ఇంకా ఏమీ రాసివ్వలేదు.

నవంబర్ 18, మంగళవారం

మహేశ్వరి గారి అనుమతితో వేరే మంత్రం వేరే నోటితో ప్రయత్నించాం. గురజాల నుంచి నాగార్జున అనే చదువరిని పిలిపించారు. నల్లకళ్లద్దాలు, మెడలో మైకు. నేను రాసిన వాక్యం: ‘నడికుడి ప్లాట్‌ఫాం మీద ఉన్న పలకలపాడు రాళ్లు బయలుదేరి పలకలపాడులో తమ తమ చోట్లకు తిరిగి రావాలి.’ ఒక్క మాట కూడా కొట్టేయలేదు.

నాగార్జున మూడుసార్లు చదివాడు. మొదటిసారికి రాళ్లు కదల్లేదు. రెండోసారికి ఇంకా దగ్గరగా జరిగాయి. మూడోసారికి కిలోమీటరు రాయి తన నాపరాయిని తీసుకుని రెండో నంబరు ప్లాట్‌ఫాంకు వెళ్లిపోయింది. పట్టాలు దాటి కాదు, మెట్ల వంతెన మీదుగానే.

“పద్ధతైన జంట,” అన్నాడు మీరా సాహెబ్.

నాగార్జున కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. “నా మాట వినవు బాబాయ్. లేపిన నోరే చెప్పాల వాటికి. ఆ పెద్దాయన్ని తీసుకురా.”

“ఆయన నోటికి ముద్ర ఉంది.”

“అయితే అది తీయించు. నన్నెందుకు పిలిచారు?”

తీయించాలంటే తప్పు ఆయనది కాదని తేలాలి. తేలాలంటే...

ఇవాళ్టికి చాలు.

నవంబర్ 19, బుధవారం

యశోద అన్నం పెడుతూ అడిగింది.

“ఇంతకీ ఏం రాశారు మీరు?”

ముప్పై ఒక్క ఏళ్లలో నేను రాసింది ఏదీ ఆమె అడగలేదు. చెప్పాను. గనిలో కోసిన రాళ్లు లేచిపోవాలి.

ఆమె చెయ్యి గరిటె మీదే ఆగిపోయింది.

“లేచిపోవాలా?”

“లేచి, పోవాలి. లేవడం. తర్వాత పోవడం.”

“ఎక్కడికి పోవాలని?”

“లారీలోకి.”

“లారీ మాట ఉందా అందులో?”

“మొదట ఉంది. అవసరం లేదని తీశాం.”

“తీశాం ఏంది? ఇంకెవరున్నారు మీతో?”

నేను పెరుగు అడిగాను. ఆమె పెరుగు వేసింది. గిన్నె మీద మూత పెడుతూ, “మన చిన్నత్తయ్య కూతురు లేచిపోయిందని చెప్పడానికి మీ నోరు వారం రోజులు రాలా. ఊరెళ్లిందన్నారు. ఆ మాటకు అర్థం మీకు తెలీక కాదు,” అంది.

వెనక్కి తిప్పి 10వ తేదీ పేజీ చదివాను. ‘ఇంకా బిగించడానికి ఏమీ లేదు’ అని ఉంది. నా చేతిరాతే.

నవంబర్ 20, గురువారం

పొద్దున్నే మాచర్ల వెళ్లి నరసరావుపేట బస్సు ఎక్కాం. బక్కయ్య, వెంకమ్మ ముందు సీట్లో, నేను వెనక సీట్లో. ముద్ర సగం ఇంకింది. ఊదారంగు నలుపైంది. డైరీ నా సంచిలో ఉంది. పిడుగురాళ్లలో దిగిపోదామనిపించింది. టీ తాగడానికి దిగాను కూడా. కండక్టరు విజిలేస్తే ఎక్కాను.

మధ్యాహ్నం మూడు గంటలు. మహేశ్వరి గారి బల్ల, ఆవిడ పక్కన రాసుకునే గుమాస్తా.

“చిత్తు దొరికిందా, ఫణీంద్ర గారూ?”

“దొరికింది.”

రెండు వాక్యాలూ చదివి వినిపించాను. గుమాస్తా రాసుకుంటూ నవ్వాపుకోవడం కనిపించింది.

“అయితే ‘లారీలోకి’ అన్న మాట తుది ప్రతిలో లేదు.”

“తొలగించబడింది.”

“ఎవరిచేత?”

“ఎడిటింగ్‌లో.”

“ఎడిటింగ్ అని మీ ఊళ్లో ఎవరైనా ఉన్నారా?”

“లేరు. క్లుప్తత దృష్ట్యా ఆ పదం అనవసరమని భావించడం జరిగింది.”

ఆవిడ కలం కింద పెట్టారు. “భావించడం దానంతటదే జరగదు కదండీ. ఈ వాక్యానికి కర్త ఎవరు?”

గది ఫ్యాను తిరుగుతోంది. వెంకమ్మ నా వైపు చూస్తోంది. బక్కయ్య చూడటం లేదు. కిటికీలోంచి ఆఫీసు సైకిల్ స్టాండు వైపు చూస్తున్నాడు. నేను ఏం చెప్పినా నా మొహం చూడకూడదని అలా కూర్చున్నాడని నాకు అర్థమైంది.

“నేను తీసేశాను,” అన్నాను.

“వినపడలేదు.”

“నేను తీసేశాను.”

“గుమాస్తాకు వినపడలేదట. ఇంకోసారి.”

మూడోసారి చెప్పాక రాసుకున్నారు. రెండు మాటలు. ఇంతకంటే కష్టమైన వాక్యం నేను ఎప్పుడూ ఇవ్వలేదు.

దూదితో కిరోసిన్ అద్ది బక్కయ్య పెదవులు తుడిచారు. నలుపు పోవడానికి పావుగంట పట్టింది. ఎనిమిది రోజులు ఆగిన మాటలు ఒక్కసారిగా రాలేదు. ముందు దగ్గు వచ్చింది. తర్వాత, “మంచినీళ్లు.” తర్వాత నన్ను. నన్ను అన్నవి ఇక్కడ రాయను. విశేషణాలు ఎక్కువ. వరండాలో వేరే పని మీద వచ్చినవాళ్లు కూడా లేచి నిలబడి విన్నారు. వెంకమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చింది. నవ్వింది కూడా అనుకుంటాను.

నా కలం లైసెన్సు మూడేళ్లు రద్దు. కుడి బొటనవేలికి ఊదా ముద్ర. ఇతరులు చదివేది ఏదీ రాయకూడదు. నాకోసం రాసుకోవచ్చట.

నవంబర్ 21, శుక్రవారం

నడికుడి. బక్కయ్యకు ఈసారి కాగితం ఇవ్వలేదు. నోటికొచ్చిందే చెప్పమన్నారు మహేశ్వరి గారు.

బక్కయ్య తువ్వాలు నడుముకు బిగించి ప్లాట్‌ఫాం మధ్యలోకి వెళ్లాడు.

“ఏమ్మా, ఎన్నాళ్లుంటారు ఈడ? ఆ బండి మిమ్మల్ని ఎక్కించుకోదు. ఎండకు పగులుతారు. ఇంటికి రండి. మేం ఎవరం తిట్టం. పెద్దోళ్లు ఒప్పుకున్నారు. మిమ్మల్ని విడదీయం.”

ఏ రాయీ కదల్లేదు.

“పెద్దోళ్లు అంటే నువ్వు కాదు బక్కయ్యా,” అన్నాడు మీరా సాహెబ్ నెమ్మదిగా. “నేనిట్టాంటివి చానా చూశా. పెద్దాయన నోటితో రావాల.”

అందరం వెంకట్రామయ్య గారి వైపు తిరిగాం. గనివి 206 పలకలు ఆయనవి. జంటలు విడిపోకూడదంటే ఒక్కటీ అమ్మడానికి లేదు. ఆయన మీసం తడుముకున్నారు. హద్దులు లేని పొలం గుర్తొచ్చినట్టుంది.

“సరే,” అన్నారు.

“సరే అంటే ఏంది పెద్దాయనా? రాళ్లు గదా, గట్టిగా చెప్పాల.”

“ఒప్పుకున్నా! రండి, సచ్చినోళ్లారా!”

412 రాళ్లూ ఒక్కసారిగా లేచాయి. టీ కొట్టువాడు చప్పట్లు కొట్టాడు.

వాటి వెనక ఆటోలో వస్తున్నాం. గురజాల దాటాక బక్కయ్య అన్నాడు: “చదివేటప్పుడే అనుకున్నా బావా. లారీ లేదే, ఇదేదో తేడా మాటలా ఉందే అని.”

“మరి ఆపలేదేం?”

“చదివేవాడు కామా కూడా మార్చకూడదు, మారిస్తే లైసెన్సు పోయిద్ది అని మా చదువరుల పుస్తకంలో ఉంది గదా.”

“ఆ పుస్తకం ఎవరో తెలివితక్కువవాళ్లు రాసి ఉంటారు.”

“నువ్వే రాశావు బావా. అట్ట మీద నీ పేరుంది.”

మిగతా దారి ఇద్దరం రాళ్లను చూస్తూ వచ్చాం.

నవంబర్ 23, ఆదివారం

ఊళ్లో పరిస్థితి. ప్రతి హద్దు దగ్గరా ఇప్పుడు రెండు రాళ్లు. రెండో రాయి మందం ఎవరి పొలంలో పడాలన్నదాని మీద వెంకట్రామయ్య గారు, దుర్గాప్రసాద్ మాచర్ల కోర్టులో ఒకరి మీద ఒకరు కేసు వేశారు. మళ్లీ ఒకే బైకు మీద వెళ్లి. వెంకమ్మ రోలు నాపరాయితో సహా పంచలోకి వచ్చింది. నిన్నంతా పొత్రం తిరగలేదు. ఇవాళ వెంకమ్మ నాపరాయి మీద కూర్చుని పిండి రుబ్బింది. పొత్రం తిరిగింది. ముగ్గురికీ ఏదో కుదిరినట్టుంది.

వెంకమ్మ అట్లు ఇవ్వడానికి వచ్చింది.

“అన్నయ్యా, ఆ ముద్ర వాళ్ల దగ్గర ఇంకోటి ఉంటదా? రోజుకు ఒక గంట ఏస్తే చాలు.”

ఇది రాస్తుంటే గోడ అవతల బక్కయ్య వీధి జనానికి కథ చెబుతున్నాడు. పొద్దుటినుంచి ఇది నాలుగోసారి.

“పదివేల రాళ్లురా! ఆకాశం కనపడలా! ఇక నరసరావుపేటలో మా బావ ఏం చేశాడనుకున్నారు? ఆ మేడమ్మ బల్ల మీద చెయ్యేసి గుద్దాడు. దడేల్మని! ‘తీసింది నేనే! మా బావను వదలండి!’ అన్నాడు. మేడమ్మ కుర్చీలోంచి లేచింది!”

రాళ్లు నాలుగు వందల పన్నెండు. బల్ల ఎవరూ గుద్దలేదు. నేను అన్నది మూడోసారికి గానీ వినపడలేదు. మహేశ్వరి గారు కుర్చీలోంచి లేవలేదు. నాలుగు తప్పులు. చెప్పి సరిచేయిద్దామని గోడ దాకా వెళ్లాను.

“చానా ధైర్యం మా బావకు,” అంటున్నాడు.

గోడ ఇవతల నిలబడి విన్నాను. మంచి గొంతు.